కాగితం తలుపుకి పడిన చిల్లు

ఒక ముసలావిడ భర్త కోటుని బ్రష్‌తో దులుపుతూ ఉంటుంది. నత్త మీద చిన్నపిల్లలు పాడుకునే పాటొకటి నోట్లో నోట్లోనే పాడుకుంటూ ఉంటుంది. కోటు జేబులోంచి చిన్న బొమ్మ కారు జారి పడుతుంది. ఆ ఇంట్లో ఉండేది ఇద్దరే, ఆవిడా, డెబ్భై ఏళ్ళ ఆవిడ భర్తా. కారుతో ఆడుకునే పిల్లాడెవడూ ఆ ఇంట్లో లేడు. ఆవిడ ఆ బొమ్మని చేతిలోకి తీసుకుని చూస్తుంది. ఉన్నట్టుండి ఆ మొహం మారిపోతుంది. చేతిలోని కారుని బలమంతా పెట్టి విసిరి కొడుతుంది. కాగితం అతికించిన జరుపుడు తలుపుని చీల్చుకుని పోతుంది అది. మరుక్షణంలో మళ్ళీ మామూలు ముసలమ్మే.

మాట లేదు, ఏడుపు లేదు, ఎవరితోనూ చెప్పుకోవడం లేదు. ఈ ఒక్క సన్నివేశం చూశాక దీన్ని రాసిందెవరా అని వెతకడం మొదలుపెట్టాను. ఆమె పేరు ముకోదా కునికో. 1979లో జపాన్ ప్రజా ప్రసార సంస్థ ఎన్.హెచ్.కె. కోసం ఆమె రాసిన 'అషురా నో గోతోకు' అనే టీవీ నాటకంలోది ఆ సన్నివేశం. మర్నాటి ఏడాది దానికి రెండో భాగం కూడా వచ్చింది. 2003లో మొరితా యోషిమిత్సు దాన్ని సినిమాగా తీశాడు. 2025లో కొరే-ఎడా హిరొకజు నెట్‌ఫ్లిక్స్ కోసం ఏడు భాగాలుగా మళ్ళీ తీయడంతో నాలాంటి వాళ్ళ దాకా వచ్చింది. కథాకాలాన్ని ఆయన 1979లోనే ఉంచాడు. అయినా పాతబడినట్టు అనిపించలేదు. అలా అనిపించకపోవడమే నన్ను కాస్త భయపెట్టింది కూడా.

ముందు ఆ పేరు సంగతి చూద్దాం. 'అషురా' అంటే మన అసురుడే. బౌద్ధంతో పాటు చైనా మీదుగా జపాన్ చేరిన సంస్కృత పదం. నారా నగరంలోని కొఫుకుజి ఆలయంలో 8వ శతాబ్దం నాటి అషురా విగ్రహం ఉంది. మూడు ముఖాలు, ఆరు చేతులు. ముఖం మాత్రం రాక్షసుడిది కాదు, ఏదో దిగులు పెట్టుకున్న కుర్రవాడిది. 'అషురా నో గోతోకు' అంటే 'అసురుల్లాగా' అని అర్థం. ఎవరు ఆ అసురులు? ముసలితనంలో ఇంకో ఇల్లు పెట్టిన తండ్రి కాదు. ఆ సంగతి తెలిసి ఒకరినొకరు పీక్కుతినే నలుగురు అక్కచెల్లెళ్ళు. చివర్లో 'ఆడవాళ్ళు అసురులే' అన్న మాట కూడా ఒక మగవాడి నోట్లోంచే వస్తుంది. రెండో కూతురి భర్త, తనూ భార్య అనుమానానికి గురైనవాడు, ఆ మాటంటాడు. రచయిత్రి ఆ మాటని ఒప్పుకుందా, లేక ఎవరు అంటున్నారో చూడమని మనకి చూపించిందా? ముకోదా రచనలన్నిటి చుట్టూ తిరిగే ప్రశ్న ఇదే అని నాకనిపిస్తుంది.

ఆమె 1929లో టోక్యోలో పుట్టింది. తండ్రి బీమా కంపెనీ ఉద్యోగి. బదిలీల మీద బదిలీలు. దాంతో ఆమె చదువు ఊళ్ళ వెంట తిరిగింది. 1950లో ఆడపిల్లల కాలేజీలో జపనీస్ సాహిత్యం చదువు పూర్తి చేసి ఉద్యోగంలో చేరింది. ఆ రోజుల గురించి ఆమె తర్వాత రాసిన ఒక వ్యాసం ఉంది. ఇరవై రెండేళ్ళ వయసులో ఒక చలికాలమంతా చేతులకి తొడుగులు లేకుండా తిరిగిందట. డబ్బు లేక కాదు, నచ్చినవి దొరక్క. తల్లి తిట్టింది. ఆఫీసులో పై అధికారి ఒకాయన పిలిచి, నూడుల్స్ తినిపించి, నెమ్మదిగా చెప్పాడట: ఇది ఒక్క తొడుగుల సంగతి కాకపోవచ్చు, ఇలాగే ఉంటే ఆడదానికి దక్కాల్సిన సుఖం నీకు దక్కదు అని. ఆమె ఆ రాత్రి నడుస్తూ ఆలోచించింది. తన స్వభావాన్ని ఇప్పుడు సరిదిద్దుకుంటే జీవితమంతా పశ్చాత్తాపమే అనుకుంది. నచ్చనిది తొడుక్కోకూడదని తీర్మానించుకుంది. ఆ తర్వాత ఉద్యోగం మారి ఒక సినిమా పత్రికలో సంపాదకురాలిగా చేరింది. పెళ్ళి చేసుకోలేదు.

ఈ వ్యాసాన్ని స్త్రీవాద ప్రకటన అనలేం. ఆమె అలాంటి ప్రకటనలేవీ చేయలేదు. 1970లో టోక్యో వీధుల్లో జపాన్ స్త్రీల విముక్తి ఉద్యమం తొలి ప్రదర్శన జరిపింది. తనాకా మిత్సు వంటి వాళ్ళు ఇల్లు, మాతృత్వం, లైంగికత గురించి నిప్పులు చెరుగుతూ రాశారు. సరిగ్గా అదే కాలంలో ముకోదా అదే ఇంటి గురించి, పొట్టికాళ్ళ భోజనపు బల్ల చుట్టూ కూర్చున్న కుటుంబం గురించి, సాయంత్రం పూట అందరూ నవ్వుకుంటూ చూసే నాటకాలు రాస్తోంది. వాళ్ళు వీధిలో ఉంటే ఈమె వంటింట్లో ఉంది. అయితే వంటింట్లో ఉండి ఏం చేసిందన్నది చూడాలి.

ఆమెకి పని నేర్పింది రేడియో. 1962 నుంచి 1969 దాకా నటుడు మొరిషిగే హిసాయా చదివే రోజువారీ కార్యక్రమానికి రాసినవాళ్ళలో ఆమె ఒకరు. రెండు వేలకి పైగా భాగాలు నడిచింది అది. రోజూ కొద్ది నిమిషాలు మాత్రమే. అందులోనే ఒక మనిషి కనపడాలి, ఒక ఇల్లు కనపడాలి. అక్కడ ఒక్క మాట ఎక్కువైనా పనికిరాదు. తర్వాత టీవీకి వచ్చినప్పుడు ఆ పొదుపే ఆమెకి అక్కరకొచ్చింది. తేడా ఏమిటంటే, టీవీలో మాటలు కూడా తీసేయవచ్చు. కోటు, బ్రష్, బొమ్మ కారు చాలు.

1974లో వచ్చిన 'తెరౌచి కంతారో కుటుంబం' ఆమెకి ఇంటింటా పేరు తెచ్చింది. కంతారో టోక్యోలో రాళ్ళు చెక్కే పనివాడు. భారీ మనిషి, నోరు తిరగదు, కోపమొస్తే బల్ల తన్నేస్తాడు, కొడుకు మీద, ఇంట్లో వాళ్ళ మీద చేయి చేసుకుంటాడు. జనం విరగబడి చూశారు. వాళ్ళమ్మ వేషం వేసిన కికి కిరిన్‌కి అప్పటికి ముప్ఫై దాటి ఒకటో రెండో ఏళ్ళు. ఆమె చేసిన ముసలమ్మ ఇప్పటికీ జపాన్ వాళ్ళకి గుర్తే. కానీ ఈ నాటకం దగ్గరే నాకు కాళ్ళకి అడ్డం పడుతుంది. కొట్టే తండ్రిని హాస్యంగా, పైగా మనసులో వెన్నలాంటి వాడుగా చూపించడం మన సినిమాలకి కొత్తేం కాదు. ఆయన కొడతాడు కానీ మంచివాడు అనే వాక్యంలో 'కానీ' అన్న ఆ ఒక్క ముక్క మోసే బరువు ఎంతో, మోసిన ఆడవాళ్ళకి తెలుసు. కంతారో కూతురు కుంటుతూ నడుస్తుంది. చిన్నప్పుడు తండ్రి పనిచేసే చోట రాయి కాలి మీద పడడం వల్ల. నవ్వుల మధ్య ఆ నడక ప్రతి భాగంలోనూ కనపడుతూనే ఉంటుంది. రచయిత్రి తెలిసే పెట్టిందది. అయినా ఆ తండ్రిని ఆమె వదిలేస్తుంది. శిక్షించదు, ప్రశ్నించదు.

ఎందుకు? ఆ తండ్రి ఆమె తండ్రే కాబట్టి. 1975లో ఆమెకి రొమ్ము కాన్సర్ శస్త్రచికిత్స జరిగింది. ఆ తర్వాత కుడిచెయ్యి సరిగా పనిచేయలేదు. 1976లో గింజా వీధి వ్యాపారుల చిన్న పత్రికకి వ్యాసాలు అడిగితే ఎడమ చేత్తో రాయడం మొదలుపెట్టింది. ఆ వ్యాసాలే 1978లో 'తండ్రి క్షమాపణ పత్రం' పేరుతో పుస్తకంగా వచ్చాయి. ఆ పేరున్న వ్యాసంలో ఒక చలికాలపు ఉదయం ఉంది. ముందురోజు రాత్రి తండ్రి తెచ్చిన అతిథులు తాగి గుమ్మం దగ్గర చేసుకున్న వాంతి గడ్డకట్టి ఉంటుంది. తల్లి చేతులు చలికి పగిలి ఉన్నాయి. కూతురు తల్లిని పక్కకి తప్పించి తనే వేడినీళ్ళు పోసి, పలకల సందుల్లో గడ్డకట్టినదాన్ని పుల్లతో గీకి తీస్తుంది. తండ్రి వెనక నిలబడి చూస్తాడు, ఏమీ అనడు. ఆమె టోక్యోకి తిరిగి వెళ్ళాక ఉత్తరం వస్తుంది. మామూలుగా బాగా చదువుకో అని రాసిన ఉత్తరంలో, ఈసారి నువ్వు చేసిన పని గొప్పది అన్న అర్థం వచ్చే ఒక్క ముక్క. దాని పక్కన ఎర్రగీత. అదీ క్షమాపణ.

జపాన్ పాఠకులు ఈ వ్యాసాన్ని కన్నీళ్ళతో చదివారు. నేనూ కదిలాను. కానీ రెండోసారి చదివితే ఆ ఎర్రగీత తల్లికి ఎందుకు రాలేదన్న ప్రశ్న వచ్చింది. ఏళ్ళ తరబడి ఆ గుమ్మం కడిగింది ఆవిడే కదా! ముకోదా ఈ ప్రశ్న అడగదు. కానీ పగిలిన చేతుల్ని రాయడం మరిచిపోదు. ఆమె మనకి తీర్పు ఇవ్వదు, సాక్ష్యం ఇస్తుంది. సాక్ష్యం ఎంత నమ్మకమైనదంటే, దాన్ని బట్టి మనం ఆమె ప్రేమించిన తండ్రినే బోనులో నిలబెట్టవచ్చు.

ఈ మార్పు 'అషురా'లో పూర్తయింది. ఆపరేషన్ తర్వాతి ముకోదా నవ్వించడం మానలేదు కానీ తండ్రిని కాపాడడం తగ్గించింది. మూడో కూతురు తకికో లైబ్రరీలో పనిచేసే అవివాహిత. తండ్రికి వేరే ఆడమనిషి, బడికెళ్ళే వయసు పిల్లాడు ఉన్నారని డిటెక్టివ్ ద్వారా కనిపెడుతుంది. అక్కచెల్లెళ్ళని పిలుస్తుంది. పెద్దక్క త్సునాకో భర్త పోయినావిడ, పూల అమరిక నేర్పుతుంది. రెండో అక్క మకికో గృహిణి, ఇద్దరు పిల్లల తల్లి. ఆఖరిది సకికో, ఇంకా పైకి రాని ఒక బాక్సర్‌తో సహజీవనం చేస్తోంది. నలుగురూ కూర్చుని, బియ్యప్పిండి ముద్దలు వేయించుకు తింటూ, ఇంత ఘోరమైన వార్త వింటూ, పెద్దక్క పెట్టుడు పన్ను విరిగితే పడీ పడీ నవ్వుతారు. చివరికి ఒక నిర్ణయానికి వస్తారు. అమ్మకి తెలియనివ్వకూడదు.

అమ్మకి అన్నీ తెలుసు. మొదటి నుంచీ తెలుసు. ప్రేక్షకులకి బొమ్మ కారు సన్నివేశంతో ఇది తెలుస్తుంది. కూతుళ్ళకి మాత్రం ఎంతకీ తెలియదు. ఈ మధ్యలో వాళ్ళ సొంత జీవితాలు బయటపడతాయి. తండ్రి అక్రమ సంబంధానికి మండిపడే పెద్దక్కకి తనకే ఒక పెళ్ళయిన మగవాడితో సంబంధం ఉంది. చెల్లెలు చెప్పకుండా వచ్చిన రోజున, ఇద్దరికని తెప్పించిన మలుగు చేప భోజనం గుమ్మంలోకి రావడంతో గుట్టు రట్టవుతుంది. ఆ మగవాడి భార్య ఒకరోజు పిస్తోలు పట్టుకుని వస్తుంది. గురిపెడుతుంది. పేలితే వచ్చింది నీళ్ళు. పిల్లలాడుకునే పిస్తోలది! ఇది హాస్యమే. కానీ ఆ భార్య చేతిలో ఉన్న ఆయుధం ఎంతపాటిదో కూడా అందులోనే ఉంది. మకికోకి భర్త మీద అనుమానం. తండ్రి విషయంలో ఆమె పడే బాధలో సగం తన భర్త గురించిందే. తల్లి చేసినట్టు తనూ చేయాలా అన్నదే ఆమె అసలు భయం.

ఈ నలుగురిలో ఏ ఒక్కరూ వెళ్ళి తండ్రిని గట్టిగా నిలదీయరు. కోపమంతా అక్క మీద చెల్లెలు, చెల్లెలి మీద అక్క చూపిస్తారు. ఎవరు ఎక్కువ పద్ధతిగా బతుకుతున్నారు, ఎవరికి మొగుడున్నాడు, ఎవరికి లేడు, ఇవీ పోట్లాటలు. తండ్రి నిశ్శబ్దంగా కూర్చుని ఉంటాడు. అందరి కోపానికీ మధ్యన ఉండి, ఒక్క దెబ్బా తగలని మనిషి. పితృస్వామ్యం అన్న మాట ముకోదా ఎక్కడా వాడలేదు. కానీ అది ఇంట్లో ఎలా కూర్చుంటుందో, ఎలా పేపరు చదువుకుంటుందో, దాని కోసం ఆడవాళ్ళు ఒకరినొకరు ఎలా గాయపరచుకుంటారో ఇంత వివరంగా చూపించిన నాటకాన్ని నేను చూడలేదు.

తర్వాత ఆ గుడ్ల సన్నివేశం. మకికో తండ్రి రెండో ఇంటి దగ్గరికి వెళ్తుంది. అక్కడ రోడ్డు మీద, చేతిలో బజారు బుట్టతో తల్లి నిలబడి ఉంటుంది. ఆ ఇంటి వైపే చూస్తూ. ఎన్నిసార్లు అలా వచ్చి నిలబడిందో ఎవరికీ తెలియదు. కూతుర్ని చూసి ఏదో సిగ్గుపడ్డట్టు నవ్వబోయి, అక్కడే కుప్పకూలిపోతుంది. బుట్టలోని గుడ్లు పగిలి పచ్చసొన రోడ్డు మీద కారుతుంది. ఆవిడ మళ్ళీ కోలుకోదు.

ఇక్కడ నా సొంత సంగతి ఒకటి చెప్పాలి. మా అమ్మమ్మ ఓర్పు గురించి మా ఇంట్లో కథలు కథలుగా చెప్పుకునేవారు. తాతయ్యకి పక్క ఊళ్ళో 'చిన్నిల్లు' ఉండేది. ఎంత ముద్దు పేరో చూడండి, చిన్నిల్లు! అమ్మమ్మ ఒక్కనాడూ నోరెత్తలేదట. తాతయ్య పోయిన రోజు ఆవిడ వచ్చి వీధి చివర కూర్చుంటే, మజ్జిగ పంపించిందట. స్త్రీవాదం చదువుకున్న కొత్తలో ఆ ఓర్పు నాకు ఒళ్ళుమంటగా ఉండేది. అది బానిసత్వం, అంతే అనేదాన్ని. ఒకసారి అమ్మ వింటూ విని, మామూలుగా అంది: "మీ తాతయ్య ఆ ఊరెళ్ళిన రోజు రోటి చప్పుడు వేరేగా ఉండేదే. మేం పిల్లలం దగ్గరికి పోయేవాళ్ళం కాదు." అంతకాలం ఓర్పు కథ చెప్పినవాళ్ళెవరూ ఆ రోకలి సంగతి చెప్పలేదు. బొమ్మ కారు కాగితం తలుపులోంచి దూసుకుపోయినప్పుడు నాకు ఆ చప్పుడు వినపడింది.

మౌనాన్ని మెచ్చుకోవడం ప్రమాదం. ఆడవాళ్ళ మౌనం మీద ఎన్ని ఇళ్ళు నిలబడ్డాయో, ఆ మెచ్చుకోలు మీదే అన్నీ నిలబడ్డాయి. ముకోదా మీద నాకున్న అనుమానం కూడా ఇదే, ఆమె ఈ మౌనాన్ని మరీ అందంగా చేసిందా అని. కానీ ఆ నాటకాన్ని మళ్ళీ చూస్తే, ఆమె మౌనానికి ఖరీదు కట్టింది. తలుపుకి చిల్లు, రోడ్డు మీద గుడ్లు, ఒక ప్రాణం. 'ఓర్పుగల తల్లి' అని పొగిడే అవకాశం ఎవరికీ ఇవ్వలేదు.

కథల్లో ఆమె ఇంకా నిర్దయగా ఉంటుంది. 1980లో ప్రతిష్ఠాత్మకమైన నవోకి బహుమతి వచ్చింది, అది కూడా ఇంకా పుస్తకం కాకముందే, పత్రికలో వస్తున్న కథలకి. వాటిలో ఒకటి 'పువ్వు పేరు'. పెళ్ళికి ముందు పువ్వుల పేర్లు రెండు మూడుకి మించి తెలియని భర్తకి భార్య ఒక్కొక్కటే నేర్పుతుంది. తనే అతన్ని మనిషిని చేశాననుకుంటుంది. ఏళ్ళ తర్వాత ఒక స్త్రీ ఫోన్ చేస్తుంది. ఆమె పేరు త్సువాకో. త్సువాబుకి అనే పసుపు పువ్వు ఉంది. భర్తకి ఆ పేరున్న స్త్రీ దగ్గరయ్యిందంటే తను నేర్పిన పువ్వే కారణమేమో అనుకుంటుంది భార్య, ఆ బాధలోనూ కాస్త గర్వపడుతూ. కలిసినప్పుడు అడిగితే ఆ స్త్రీ తేలిగ్గా చెబుతుంది: కాదండీ, నేను కడుపులో ఉండగా మా అమ్మకి వేవిళ్ళు మరీ ఎక్కువట, అందుకని ఆ పేరు. జపనీస్‌లో వేవిళ్ళని 'త్సువారి' అంటారు. ఇంటికొచ్చి భర్తని అడిగితే ఎప్పుడో అయిపోయిన సంగతి అన్నట్టు ఊరుకుంటాడు. మగవాడిని తీర్చిదిద్దాను అనుకునే భార్య గర్వాన్ని ఇంత చిన్న మాటతో కూల్చడం ఆమెకే చెల్లింది.

'రెండో స్త్రీ'ని ముకోదా ఎప్పుడూ రాక్షసిని చేయలేదు. 1981లో వచ్చిన 'పక్కింటి ఆడది' నాటకంలో ఇంట్లో కుట్టుమిషను మీద పనిచేసుకునే గృహిణి గోడకి చెవి పెట్టి పక్కింట్లో బార్‌లో పనిచేసే ఆమె దగ్గరికొచ్చే మగవాడి గొంతు వింటుంది. అతను కొండ వైపు వెళ్ళే రైలు స్టేషన్ల పేర్లు ఒక్కొక్కటే చెబుతుంటాడు. ఆ పేర్లే ఆమెకి ప్రేమ మాటల్లా వినపడతాయి. చివరికి అతని వెనక న్యూయార్క్ దాకా వెళ్తుంది. తిరిగి భర్త దగ్గరికే వస్తుంది. గోడకి ఇటు భార్య, అటు రెండో స్త్రీ. ఎవరు ఎటు అన్నది ఒక్క ఊహతో మారిపోతుంది.

ఈ చూపు ఆమెకి ఎక్కడి నుంచి వచ్చిందో ఆమె పోయాక తెలిసింది. 1964లో తండ్రితో గొడవపడి ఇల్లు వదిలి ఒంటరిగా ఉండసాగిన ఈ 'పెళ్ళికాని కూతురు'కి అంతకుముందు కొన్నేళ్ళు ఒక పెళ్ళయిన ఫోటోగ్రాఫర్‌తో అనుబంధం ఉండేదని, వాళ్ళ ఉత్తరాలతో సహా 2002లో చెల్లెలు కజుకో ఒక పుస్తకంలో రాసింది. ఆ ఉత్తరాల్ని బయటపెట్టడం న్యాయమా అన్నది వేరే చర్చ. దీనివల్ల ముకోదా కథలన్నీ ఆత్మకథలని అనడం కూడా తప్పే. కానీ ఒకటి మాత్రం అనుకోవచ్చు. తల్లి పగిలిన చేతులు చూసిన కూతురూ, గోడకి అవతల ఉన్న స్త్రీ, ఆమెలో ఇద్దరూ ఉన్నారు. అందుకే ఆమె ఆడవాళ్ళ కథల్లో మంచి చెడ్డల పంపకం తేలిగ్గా జరగదు.

1981 ఆగస్టు 22న తైవాన్‌లో జరిగిన విమాన ప్రమాదంలో ముకోదా చనిపోయింది. ఆ విమానంలోని 110 మందీ పోయారు. ఆమెకి 51 ఏళ్ళు. మర్నాటి ఏడాది ఆమె పేరు మీద టీవీ రచయితలకి బహుమతి పెట్టారు. స్టూడియోలో పనివాళ్ళ లెక్కన చూసే స్క్రిప్టు రచయితకి అలా సాహిత్యకారుల పక్కన కుర్చీ దొరికింది. ఆమె తర్వాత వచ్చిన ఎందరో ఆ బహుమతి అందుకున్నారు.

'అషురా'లో నాకు ఇంకా తెగని ప్రశ్న ఒకటుంది. నలుగురు కూతుళ్ళూ అమ్మకి తెలియకూడదని అంత తాపత్రయపడ్డారు కదా, ఒక్కరైనా అమ్మని అడిగి ఉంటే? నీకు తెలుసా అని కాదు. నీకెలా ఉంది అని. అమ్మని కాపాడుతున్నామనుకుంటూ ఆవిడ్ని ఇంకా ఒంటరిని చేశారు. మా ఇంట్లోనూ అంతే జరిగింది. అమ్మమ్మని అడగడానికి ఇప్పుడు ఆవిడ లేదు. రోటి చప్పుడు విన్న అమ్మ ఉంది. ఈ వ్యాసం అయ్యాక నేను ఆమె దగ్గరికే వెళ్తున్నాను.